పొత్తు పోయినా పట్టు మిగిలింది

గోండుది అడవి. రోహిల్లాది కత్తి. భాష కలవదు, దేవుడు కలవడు. అయినా 1857 తర్వాతి మూడేళ్లలో గోదావరి పరీవాహకంలో వాళ్లు ఒక్కటై తెల్లదొరల మీద కలబడ్డారు. ఆ పొత్తులు మూణ్ణాళ్ల ముచ్చటే. అలాంటి పొత్తుల వెంట ఊరూరూ తిరిగిన సాముగరిడీలు మాత్రం మన వీధుల్లో పాతుకుపోయాయి.

1858 జూన్ 27. తొలకరి పడి అడవి పచ్చబడే రోజులు. బస్తర్ సంస్థానం పడమటి కొసన ఉన్న భోపాలపట్నంలో పాతికేళ్ల యువకుడొకడు ఆదమరిచి నిద్రపోతున్నాడు. అతని తలకు ఇంగ్లీషు సర్కారు వెయ్యి రూపాయల వెల కట్టింది. పేరు బాబూరావు షెడ్మాకే. చాందా (ఇప్పటి చంద్రపూర్) అడవుల్లోని మోలంపల్లి జమీందారు, రాజగోండు. రెండు నెలల కిందటే చించ్‌గుండి దగ్గర టెలిగ్రాఫ్ శిబిరం మీద పడి గార్ట్‌లాండ్, హాల్ అనే ఇద్దరు ఇంగ్లీషు ఉద్యోగులను చంపేశాడు. చాందా డిప్యూటీ కమిషనర్ క్రిక్టన్ అప్పట్నుంచి అతని కోసం అడవులు గాలిస్తున్నాడు.

నిద్రలో ఉన్న బాబూరావును సాయుధులు చుట్టుముట్టారు. చూస్తే తెల్ల సిపాయిలు కాదు. రోహిల్లాలు. అహేరి జమీందారిణి లక్ష్మీబాయి దగ్గర జీతానికున్న పఠాన్లు. క్రిక్టన్ ఒత్తిడి మీద ఆమె వాళ్లను పంపింది. చేతికి చిక్కిన బాబూరావు వాళ్లతో మాట కలిపాడు. ఏం చెప్పాడో, ఎలా చెప్పాడో గానీ పట్టుకున్నవాళ్లే వదిలేశారు. అతను అడవిలో కలిసిపోయాడు.

రోహిల్లాలు గోండు మాట ఎందుకు విన్నారు? బాబూరావు కూడగట్టిన ‘జంగోం’ దళంలో గోండులు, మాడియాలతో పాటు రోహిల్లాలూ ఉన్నారు మరి. తరుముతున్నవాళ్లూ వాళ్లే, తప్పించుకుంటున్నవాడి పక్కనున్నవాళ్లూ వాళ్లే. ఆ సెప్టెంబరులో లక్ష్మీబాయి మనుషులు బాబూరావును మళ్లీ పట్టుకున్నారు. ఈసారి మాటలు పనిచేయలేదు. 1858 అక్టోబరు 21న చాందా జైల్లో ఉరితీశారు.

తెర మీది కల, నేల మీది నిజం

2022లో ‘ఆర్ఆర్ఆర్’ విడుదలైనప్పట్నుంచి కలవని వీరుల కలయిక గురించి తెలుగునాట మాట్లాడుకోని ఇల్లు లేదు. అల్లూరి సీతారామరాజు, కుమురం భీము ఎప్పుడూ ఎదురుపడలేదు. అల్లూరి 1924లో నేలకొరిగాడు, భీము 1940లో. వాళ్ల స్నేహం కథకుడి ఊహ. ఆ సినిమాలో భీము అక్తర్ అనే ముస్లిం మెకానిక్‌గా ఢిల్లీలో తలదాచుకుంటాడు. హాల్లో జనం దాన్ని మలుపు కోసం అల్లిన ఘట్టంగానే చూశారు. కానీ గోండు వీరుడు ముస్లిం సిపాయితో చేయి కలపడం ఊహ కాదు. భీము పుట్టడానికి నలభై ఏళ్ల ముందే నిర్మల్‌లోనూ, చాందాలోనూ, భోపాలపట్నం దారుల్లోనూ జరిగిన చరిత్ర అది.

అదే బస్తర్‌లో ఇప్పుడు ఇంకో విడ్డూరం నడుస్తోంది. 2024లో ఛత్తీస్‌గఢ్ ప్రభుత్వం మొదలుపెట్టిన బస్తర్ ఒలింపిక్స్‌లో ఒకప్పుడు తుపాకి పట్టి అడవిలో తిరిగి లొంగిపోయినవాళ్లు ‘నువా బాట్’ పేరుతో ఒక జట్టుగా దిగారు. మందుపాతరలకు కాళ్లు పోగొట్టుకున్నవాళ్లూ పోటీలకు వచ్చారు. ఆటల జాబితాలో విలువిద్య ఉంది, దాని పక్కనే కరాటే ఉంది. ఒకటి ఈ నేల మీదే పుట్టింది. రెండోది వేల మైళ్ల దూరం నుంచి, ఇంకో యుద్ధం వెంట వచ్చింది. నిన్నటి పగవాళ్లు ఒక బరిలోకి ఎలా వస్తారు, ఒకరి పోరువిద్య మరొకరి చేతికి ఎలా చేరుతుంది అన్న ప్రశ్నలకు జవాబు వెతకాలంటే బస్తర్ కొసన ఉన్న ఒక ఊరి నుంచి మొదలుపెట్టడం మేలు.

తర్లగూడ: అందరూ దాటిన గట్టు

హైదరాబాద్ నుంచి వరంగల్, ములుగు, ఏటూరునాగారం మీదుగా వెళ్లే 163వ నంబరు జాతీయ రహదారి గోదావరి దాటి, వాజేడు మండలం చివర టేకులగూడెంలో తెలంగాణను వదిలేస్తుంది. అవతల కాలు పెడితే తర్లగూడ. బీజాపూర్ జిల్లా, ఛత్తీస్‌గఢ్. రాష్ట్రం మారినా మాట మారదు. అంగట్లో తెలుగే, ఇళ్లలో దోర్ల, కోయ మాటలు. ఏటికి ఆవలి మేడారం జాతరకు ఈ పక్క నుంచి బండ్లు కట్టుకుని పోయే అలవాటు తరాల నాటిది. ఇదే రోడ్డు ముందుకు సాగి భోపాలపట్నం చేరుతుంది. ఆ చుట్టుపక్కలే ఇంద్రావతి వచ్చి గోదావరిలో కలుస్తుంది. ఇంకొంచెం ఎగువకు పోతే సిరోంచ, అక్కడ ప్రాణహిత. మూడు నదులు, ఇప్పుడు మూడు రాష్ట్రాలు. అప్పట్లో నిజాం, నాగపూర్ భోంస్లేలు, బస్తర్ రాజు. ఒకరి రాజ్యంలో నేరం చేసినవాడు పడవెక్కితే ఇంకొకరి రాజ్యంలో దొర.

ఓరుగల్లు పడిపోయాక కాకతి ప్రతాపరుద్రుడి తమ్ముడు అన్నమదేవుడు గోదావరి దాటి వచ్చి బస్తర్‌లో రాజ్యం కట్టాడని అక్కడి రాజవంశం చెప్పుకుంటుంది. 1795లో ఈస్టిండియా కంపెనీ అధికారి కెప్టెన్ బ్లంట్ దారులు కొలుచుకుంటూ భోపాలపట్నం వైపు వస్తే గోండులు బాణాలతో అడ్డుకున్నారు. అతను బస్తర్ లోపలికి పోలేక గోదావరి వెంట వేరే దారి పట్టాడు. 1859లో హైదరాబాదు గుత్తేదార్లు ఇక్కడి సాల వృక్షాలను నరకడానికి వస్తే భోపాలపట్నం, ఫోత్‌కేల్, భేజి, కోటపల్లి జమీందారులు తమ దోర్ల తెగ రైతులతో ఏకమయ్యారు. ఒక్కో చెట్టుకు ఒక్కో తల అన్నది వాళ్ల శపథం. చివరికి గుత్తలు రద్దయ్యాయి. పన్నులు పిండే జమీందారు, పన్ను కట్టే దోర్ల మనిషి ఒక పక్కన నిలబడటమే ఓ వింత పొత్తు. అడవి పోతే ఇద్దరికీ బతుకు లేదు. ఆ లెక్క ఇద్దరికీ తెలుసు.

జీతం ఆగిన సిపాయి ఎటు పోతాడు?

గోండు, దోర్ల మనుషులు ఈ మట్టివాళ్లు. మరి రోహిల్లాలు ఇక్కడికెందుకొచ్చారు? అఫ్ఘాన్ మూలాలున్న పఠాన్ల సంతతి వాళ్లు. ఉత్తరాదిన రోహిల్‌ఖండ్‌ను ఏలారు. 1774లో అవధ్ నవాబు, కంపెనీ సైన్యం కలిసి ఆ రాజ్యాన్ని కూల్చేశాక కత్తే జీవనాధారమైన కుటుంబాలు కొలువు దొరికే చోటల్లా చేరాయి. హైదరాబాదు వాటిలో పెద్దది. అరేబియాలోని హద్రమౌత్ నుంచి వచ్చిన అరబ్బులు, ఆఫ్రికా నుంచి వచ్చిన సిద్దీలు, పంజాబు సిక్కులు, రోహిల్లాలు నిజాం నగరంలో జమేదార్ల కింద గుంపులు గుంపులుగా ఉండేవారు. నాగపూర్ భోంస్లేల దగ్గరా అంతే. 1817లో సీతాబర్డీ గుట్ట మీద కంపెనీతో భోంస్లేలు చేసిన యుద్ధంలో ముందు నిలిచింది అరబ్బులే. 1842లో దంతెవాడ దంతేశ్వరి గుడిలో నరబలులు జరుగుతున్నాయన్న ఆరోపణ మీద భోంస్లేలు కాపలాకు పంపింది కూడా అరబ్ సిపాయిలనే. బస్తర్ గుండెలో, అమ్మవారి గుమ్మంలో, ఎడారి దేశం సిపాయి!

ఈ కొలువుల గూడు రెండేళ్లలో చెదిరిపోయింది. 1853లో నిజాం దగ్గర బేరారు జిల్లాలను కంపెనీ రాయించుకుంది. అదే ఏడాది దివాను అయిన సాలార్‌జంగ్ అరబ్బుల, రోహిల్లాల జోరుకు కళ్లెం వేయడం మొదలుపెట్టాడు. 1854లో వారసుడు లేడన్న సాకుతో గవర్నర్ జనరల్ డల్హౌసీ నాగపూరును కలిపేసుకున్నాడు. చాందా, దాని కింది అడవి జమీందారీలు, బస్తర్ అన్నీ కంపెనీ నీడలోకి పోయాయి. జీతాలు ఆగిన సిపాయిలు జమీందార్ల గడీలు, అడవి దారులు పట్టారు. సర్కారు వాళ్లను దోపిడీ ముఠాలంది. కొందరు నిజంగానే దోచారు, కొందరు వడ్డీలకిచ్చి రైతుల గొంతు మీద కూర్చున్నారు. కొందరు గోండు రాజుల పక్కన నిలబడ్డారు.

పోరువిద్యలు దేశాలు తిరిగిన కథ చెప్పమంటే మనం ఋషుల పేర్లు, గురువుల పేర్లు చెబుతాం. ఈ నేల చెప్పే కథ వేరు. విద్యను మోసుకొచ్చిన వాళ్లలో ఎక్కువ మంది కొలువు ఊడిన సిపాయిలు. వాళ్లకు తెలిసింది అదొక్కటే, అమ్ముకోగలిగిందీ అదొక్కటే.

> దేవరాయల సింహాసనం ముందు ఖురాను
>
> విజయనగరాన్ని ఏలిన రెండో దేవరాయలు (1424–46) బహమనీలతో యుద్ధాల్లో దెబ్బ మీద దెబ్బ తిన్నాడు. కారణమేమిటని కొలువులో అడిగితే, వాళ్ల గుర్రాలు మేలైనవి, వాళ్ల విలుకాళ్లు మనకంటే నేర్పరులు అని జవాబొచ్చిందట. రాయలు పగ పక్కనపెట్టి ముస్లిం విలుకాళ్లనే కొలువులో చేర్చుకున్నాడు. వాళ్లకు జాగీర్లిచ్చాడు, రాజధానిలో మసీదు కట్టించాడు, వాళ్లు నమస్కరించేందుకు వీలుగా సింహాసనం ముందు ఖురాను పెట్టించాడు. తన సిపాయిలకు వాళ్ల చేతే విలువిద్య నేర్పించాడు. రెండు వేల మంది ముస్లిం విలుకాళ్ల పక్కన అరవై వేల మంది హిందూ విలుకాళ్లు తయారయ్యారని చరిత్రకారుడు ఫెరిష్తా రాశాడు. శత్రువును ఓడించాలంటే ముందు అతని దగ్గర పాఠం చెప్పించుకోవాలని దక్కను రాజులకు ఎవరూ చెప్పనక్కర్లేకపోయింది.

నిర్మల్‌లో కలిసిన దారులు

1857 జూలై 17 రాత్రి హైదరాబాదులో తుర్రెబాజ్ ఖాన్, మౌల్వీ అల్లావుద్దీన్ నాయకత్వంలో దాదాపు అయిదువందల మంది రోహిల్లాలు కోఠీ రెసిడెన్సీ మీద దాడి చేశారు. రెసిడెన్సీకి ఎదురుగా ఉన్న అబ్బన్ సాహెబ్, జైగోపాల్ దాస్ అనే షావుకార్ల ఇళ్లే వాళ్లకు మాటుగా పనికొచ్చాయి. తెల్లవారేలోపు దాడి విఫలమైంది. అల్లావుద్దీన్‌ను అండమాన్ పంపారు. పట్టుబడి పారిపోయిన తుర్రెబాజ్ ఖాన్‌ను 1859 జనవరిలో తూప్రాన్ దగ్గర కాల్చి చంపారు. ఇప్పుడు కోఠీలో ఆయన పేరుతో రోడ్డు ఉంది.

నగరంలో ఓడినవాళ్లకు, ఉత్తరాదిన నానాసాహెబ్, తాంతియా తోపేల వెంట ఓడి దక్షిణానికి దిగివచ్చినవాళ్లకు మిగిలిన దిక్కు అడవి. నిర్మల్ ప్రాంతంలో రాంజీ గోండు అప్పటికే పన్నులు, అటవీ ఆంక్షల మీద రగులుతున్న గూడేలను కూడగడుతున్నాడు. రోహిల్లాలు, దక్కనీలు, అరబ్బులు ఆయనతో కలిశారు. హాజీ అనే రోహిల్లా సర్దారు రాంజీకి కుడిభుజమయ్యాడని నిర్మల్ కథలు చెబుతాయి. సహ్యాద్రి గుట్టల మాటున దాడులు చేసి గోదావరి ఒడ్డుకు మాయమయ్యే ఈ దండును పట్టడానికి సర్కారుకు బయటి పటాలాలు రప్పించక తప్పలేదు.

1860 ఏప్రిల్ 9న రాంజీని, ఆయన అనుచరులను నిర్మల్‌లోని ఒక మర్రిచెట్టుకు ఉరితీశారు. వెయ్యి మందిని ఒకే చెట్టుకు వేలాడదీశారని జనం చెప్పుకుంటారు. అందుకే అది ‘వెయ్యి ఉరుల మర్రి’ అయింది. ఆ ఉరితాళ్లలో గోండు మెడలూ రోహిల్లా మెడలూ పక్కపక్కనే ఉన్నాయన్న మాట మాత్రం పాఠ్యపుస్తకాల్లో గట్టిగా వినిపించదు. హైదరాబాదు అబిడ్స్‌లో గిరిజన స్వాతంత్ర్య యోధుల కోసం తలపెట్టిన మ్యూజియానికి రాంజీ గోండు పేరే పెట్టారు. అందులో రోహిల్లాలకు ఒక గోడైనా దక్కుతుందా అన్నది చూడాలి.

ఎవరు ఎవరికి ఏం నేర్పారు?

గోండు దగ్గరున్నది వెదురు విల్లు, దానికి వెదురు నారతోనే చేసిన అల్లెతాడు, భుజాన గొడ్డలి, చేతిలో బల్లెం. వేటలో పుట్టిన ఆయుధాలు. వాటికి కావలసింది ఓపిక, అడుగుల చప్పుడు వినబడని నడక, గాలి వాలు తెలిసిన ముక్కు. రోహిల్లా దగ్గరున్నది తల్వారు, డాలు, వత్తితో పేల్చే పొడవాటి తుపాకి. అవి కొలువులో పుట్టిన ఆయుధాలు. వాటికి వరస కావాలి, హుకుం కావాలి, మందుగుండు కావాలి.

ఒకరు లేకపోతే ఇంకొకరు పనికిరాని పరిస్థితి అది. అడవిలో దారి తెలియని తుపాకివాడు మూడు రోజుల్లో ఆకలికి చస్తాడు. బాణం ఒక్కటే నమ్ముకున్నవాడు కంపెనీ పటాలం వరసకట్టి పేల్చే తుపాకుల ముందు నిలవలేడు. అందుకే కలిశారు. రోహిల్లాకు గోండు అడవిని చదవడం నేర్పాడు. గోండుకు రోహిల్లా శత్రువు సైన్యాన్ని చదవడం నేర్పాడు. ఎప్పుడు దాడి చేయాలి, టెలిగ్రాఫ్ తీగ తెగితే దొరల చేతులు ఎలా కట్టుబడతాయి అన్న ఆలోచన వేటగాడి తలలో పుట్టేది కాదు. బాబూరావు మనుషులు టెలిగ్రాఫ్ శిబిరాన్నే ఎంచుకున్నారంటే వాళ్లలో కొత్త రకం లెక్క ఒకటి అప్పటికే చేరింది.

ప్రేమతో కుదిరిన పొత్తు కాదిది, అవసరంతో కుదిరింది. ఆ అవసరం తీరితే అదే రోహిల్లా అహేరి జీతం తీసుకుని గోండు వెంటపడ్డాడు. లక్ష్మీబాయికి బహుమానంగా ఊళ్లొచ్చాయి. బాబూరావు మిత్రుడు, అడపల్లి జమీందారు వెంకటరావు బస్తర్‌కు పారిపోతే 1860లో బస్తర్ రాజే పట్టి ఇచ్చాడు. ఈ అడవి పొత్తులను గొప్ప స్నేహాలుగా పొగిడేవాళ్లు, వెన్నుపోట్లుగా తిట్టేవాళ్లు ఇద్దరూ అటువైపు మనుషుల పొయ్యి మీద ఏముందో చూడరు.

> ఏడేళ్ల అతిథి
>
> అన్న జంషీద్‌కు భయపడి 1543లో గోల్కొండ వదిలిన ఇబ్రహీం కుతుబ్‌షా విజయనగరంలో అళియ రామరాయల ఆశ్రయంలో ఏడేళ్లు గడిపాడు. తెలుగు నేర్చాడు. 1550లో గద్దెనెక్కాక తెలుగు కవులను ఆదరించి ‘మల్కిభరాముడు’ అనిపించుకున్నాడు. 1565 జనవరిలో రక్కసి తంగడి యుద్ధంలో రామరాయల మీదికి దండెత్తిన సుల్తానుల కూటమిలో ఆయనా ఒకడు. ఆ యుద్ధంలో రామరాయల పక్కన ముస్లిం సేనానులున్నారు, కూటమి సేనల్లో హిందూ సర్దార్లున్నారు.

వీధిలోకి దిగిన విద్య

పొత్తులు విరిగాయి. సర్కారు ఆయుధాల చట్టాలు తెచ్చింది. తుపాకులు, కత్తులు ఇళ్లలోంచి పోయాయి. చేతికి మిగిలింది కర్ర. అసలు కథ అక్కడి నుంచే మొదలవుతుంది.

తెలుగు పల్లెల్లో నిన్నమొన్నటి దాకా ఊరికో తాలింఖానా ఉండేది. తెల్లవారుజామున దండీలు, బస్కీలు, సాయంత్రం కర్రసాము, కత్తిసాము. నేర్పేవాడు వస్తాదు. ఆయన కులం ఏమిటి, మతం ఏమిటి అన్న ప్రశ్న ఊళ్లో ఇంకెక్కడ అడిగినా తాలింఖానా గడప దగ్గర పెద్దగా అడిగేవారు కాదు. సాయిబు వస్తాదు దగ్గర యాదవుల పిల్లలు, కాపు వస్తాదు దగ్గర దూదేకుల పిల్లలు కర్ర తిప్పిన ఊళ్లు ఎన్నో. వీరఘట్టంలో పుట్టిన కోడి రామ్మూర్తి నాయుడు విజయనగరంలో కసరత్తు నేర్చి, సర్కసు కట్టి దేశదేశాల్లో ‘కలియుగ భీముడు’ అనిపించుకున్నది ఇలాంటి వ్యాయామశాలల కాలంలోనే.

ఈ విద్యను ఏటా వీధిలోకి తెచ్చింది పీర్ల పండుగ. మొహర్రం నెలలో పీర్లు లేస్తే గుండం చుట్టూ అలాయి ఆడేది, సవారీ ముందు కర్రా కత్తీ తిప్పేది ముస్లింలొక్కరే కాదు. తెలంగాణ ఊళ్లలో పీర్లను ఎత్తుకునేవాళ్లలో హిందువులే ఎక్కువ ఉన్నచోట్లూ ఉన్నాయి. శ్రీరామనవమి ఊరేగింపులో, వినాయక నిమజ్జనంలో అదే సాము, అవే చేతులు. యుద్ధం కోసం పుట్టిన విద్య పండుగ పేరు చెప్పుకుని బతికింది.

పండుగలోనే ఉండిపోలేదు కూడా. 1940లలో దొరల గడీల మీద తిరగబడిన తెలంగాణ పల్లెల్లో మొదట లేచింది గుతపల సంఘమే. గుతప అంటే దుడ్డుకర్ర. దాంతోపాటు వడిసెల. తుపాకులు ఆ తర్వాత వచ్చాయి. పొలం కాపలాకు పిట్టలను తోలే వడిసెల రజాకార్ల మీద రాళ్లు విసిరింది. రోకలి, కారంపొడి పట్టుకుని ఆడవాళ్లూ ఇళ్లముందు నిలబడ్డారు.

> కత్తి పోయి దెబ్బ మిగిలింది
>
> హైదరాబాదులో బార్కస్ అరబ్బుల బస్తీ, ఏసీ గార్డ్స్ ఆఫ్రికన్ అశ్వదళం సిద్దీల బస్తీ. నిజాం సైన్యం 1948లో కథ ముగించాక ఆ కుటుంబాలకు మిగిలిన ఆస్తుల్లో మర్ఫా ఒకటి. డోళ్ల దరువుకు కత్తులు, కర్రలు గాలిలో తిప్పుతూ ఆడే ఆట అది. సిపాయిల సంబరంగా మొదలై నగరంలో అన్ని మతాల పెళ్లిళ్లకూ పాకింది. బరాత్‌లో, నిమజ్జనంలో తెలంగాణ కుర్రకారు ఒళ్లు మరిచి ఆడే తీన్‌మార్ దెబ్బ మర్ఫా దరువుల కుటుంబానిదే. దాని వెనక హద్రమౌత్ ఎడారి, ఆఫ్రికా తీరం ఉన్నాయని ఆడేవాళ్లలో చాలామందికి తెలియదు. తెలియకపోయినా దెబ్బ తప్పదు.

ఓడినవాడు గురువైన చోట

ఎదుటివాడి పోరువిద్యను అందుకోవడం మన దగ్గరే జరిగిన విచిత్రం కాదు. 1814–16లో నేపాల్‌తో యుద్ధం చేస్తున్నప్పుడే కంపెనీ, ఎదురుపక్షం గూర్ఖాల తెగువ చూసి 1815లోనే వాళ్లతో పటాలాలు కట్టింది. వాళ్ల కుక్రీ ఆ తర్వాత రెండు ప్రపంచ యుద్ధాలకూ వెళ్లింది. 1945 వేసవిలో ఒకినావా దీవిని అమెరికా సైన్యం బాంబులతో నేలమట్టం చేసింది. యుద్ధం ముగిశాక అక్కడే స్థావరాలు వేసుకున్న అమెరికన్ సైనికులు, ఇల్లూ వాకిలీ పోగొట్టుకున్న ఒకినావా గురువుల దగ్గర డబ్బిచ్చి కరాటే నేర్చుకున్నారు. షిమాబుకు తత్సువో లాంటి గురువులకు 1950లలో శిష్యులు ఎక్కువగా మెరీన్‌లే. వాళ్లు ఇళ్లకు తిరిగెళ్లి ఊరూరా బడులు తెరిచారు. గెలిచినవాడు ఓడినవాడికి ఫీజు కట్టి శిష్యుడయ్యాడు.

అక్కడా గురువుకు కడుపు నింపుకునే దారి కావాలి, శిష్యుడికి చేతిలో లేని నేర్పు కావాలి. నిర్మల్ అడవిలో కుదిరిన బేరం పసిఫిక్ దీవిలోనూ కుదిరింది.

చేదు మిగిలిన వైపు

ఈ మార్పిడికి ఇంకో ముఖం ఉంది. దాన్ని దాచితే కథ అబద్ధమవుతుంది. శత్రువు విద్యను నేర్చుకోవడంలో సర్కారులు ఎప్పుడూ వెనకబడలేదు. 1922లో అల్లూరి, గాము సోదరులు మన్యం యుద్ధానికి దిగినప్పుడు మైదానం పోలీసులు ఘాట్లలో నిలవలేకపోయారు. దామనపల్లి దగ్గర స్కాట్ కవర్డ్, హైటర్ అనే అధికారులు చనిపోయారు. దాంతో కొండల్లో పోరాడటం తెలిసిన మలబార్ స్పెషల్ పోలీసులను, అస్సాం రైఫిల్స్‌ను దింపారు. కొండవాణ్ణి పట్టడానికి ఇంకో కొండవాడు.

1989లో ఆంధ్రప్రదేశ్‌లో ఐపీఎస్ అధికారి కె.ఎస్. వ్యాస్ కట్టిన గ్రేహౌండ్స్ దళం నక్సలైట్ల గెరిల్లా పద్ధతినే తిప్పి వాడింది. చిన్న జట్లు, రాత్రి నడకలు, వాహనం ఎక్కకుండా అడవిలోనే రోజుల తరబడి మాటు. 1993లో వ్యాస్‌ను నక్సలైట్లు కాల్చి చంపారు. 2005లో ఛత్తీస్‌గఢ్‌లోని కాంకేర్‌లో పెట్టిన అటవీ యుద్ధ కళాశాల గెరిల్లాతో గెరిల్లాలాగే పోరాడు అన్న మాటనే పాఠంగా పెట్టుకుంది. తర్వాత బస్తర్ జిల్లాల్లో పెరిగిన డిస్ట్రిక్ట్ రిజర్వ్ గార్డ్ మరో అడుగు ముందుకేసింది. స్థానిక ఆదివాసీ యువకులతో పాటు లొంగిపోయిన మావోయిస్టులనే అందులో చేర్చుకున్నారు. దంతెవాడలో 2019లో ఆడవాళ్లతో ‘దంతేశ్వరి’ దళం కట్టారు. నిన్న ఏ దారిలో మందుపాతర పెట్టిందో, లొంగిపోయి అందులో చేరిన ఆడమనిషికి తెలుసు. ఇవాళ దాన్ని తీసేదీ ఆమే.

అడవి చదవడం తెలిసినవాళ్ల విలువ ఇలా పెరిగింది. వెల కూడా వాళ్లే కట్టారు. 2025 జనవరి 6న బీజాపూర్ జిల్లాలో మందుపాతర పేలి ఎనిమిది మంది జవాన్లు, వాళ్ల వాహనం డ్రైవరు చనిపోయారు. ఆ ఎనిమిదిలో అయిదుగురు ఒకప్పటి మావోయిస్టులేనని పోలీసు అధికారులు చెప్పారు. పెట్టినవాడూ, పోయినవాడూ ఒకే గూడెం భాష మాట్లాడేవాళ్లు. బాబూరావు కాలంలో రోహిల్లాలు రెండు పక్కలా నిలిచిన సంగతికి ఇది ఇంకా రక్తం ఆరని రూపం. అప్పట్లో ఒకరి మాట ఇంకొకరు వినే వీలుండింది. మందుపాతరకు మాట వినబడదు.

బరిలోకి దిగితే ఏం మారుతుంది?

అందుకే బస్తర్ ఒలింపిక్స్‌ను వట్టి సర్కారీ సంబరంగా కొట్టిపారేయలేం, దాంతోనే శాంతి వచ్చేసిందని చప్పట్లూ కొట్టలేం. ఏడు జిల్లాల నుంచి లక్షన్నరకు పైగా మంది పేర్లిచ్చారంటే ఆడుకోవడానికి చోటు కోసం అక్కడి పిల్లలు ఎంత ఆత్రంగా ఉన్నారో తెలుస్తోంది. పోరువిద్యకు నియమాలున్న బరి దొరికితే అది ఆట అవుతుంది. దొరకకపోతే జీతమిచ్చేవాడికో, తుపాకి ఇచ్చేవాడికో అమ్ముడుపోతుంది. 1850లలో కొలువు ఊడిన సిపాయికి ఆ రెండో దారే మిగిలింది.

మన కర్రసాము సంగతి చూస్తే ఆ బరి ఇంకా దూరంగానే ఉంది. ఖేలో ఇండియా యువజన క్రీడల్లో కలరిపయట్టు, గట్కా, థాంగ్-టా, మల్లఖంబ్ చేరాయి. తమిళుల సిలంబం 2024 జనవరిలో చెన్నైలో జరిగిన పోటీల్లో ప్రదర్శన క్రీడగా నిలిచింది. సిలంబానికి దగ్గరి చుట్టమైన తెలుగు కర్రసాముకు ఆ వరసలో చోటు దక్కలేదు. కేరళ తన కలరిని పుస్తకాలకెక్కించింది, బడులు కట్టింది, సినిమాల్లో చూపించింది. మన వస్తాదుల అడుగులు, వరసలు, పట్ల పేర్లు చాలావరకు వాళ్ల నోటిలోనే ఉన్నాయి. ఊళ్లో సాము నేర్పే పెద్దాయన పోతే ఆయనతో పాటు ఒక బడి మూతపడినట్టే.

చేయాల్సినవి పెద్ద పనులేం కావు. జిల్లాకొక వస్తాదుల జాబితా, వాళ్ల సామును చిత్రీకరించి భద్రపరచడం, బడి వ్యాయామ పిరియడ్‌లో కర్రకు చోటు, గోదావరికి ఇరుపక్కలా విలువిద్య పోటీలు. తర్లగూడ పిల్లలు ఏటూరునాగారం వచ్చి, ఏటూరునాగారం పిల్లలు భోపాలపట్నం వెళ్లి పోటీపడాలంటే అడ్డమేమీ లేదు. వంతెన ఉంది, రోడ్డు ఉంది, మాట కూడా ఒకటే.

దాంతోపాటు చరిత్ర చెప్పే పద్ధతి మారాలి. రాంజీ గోండు విగ్రహానికి దండ వేసే రోజున ఆయనతో ఉరికెక్కిన రోహిల్లాల మాటా చెప్పాలి. తుర్రెబాజ్ ఖాన్ గురించి చెప్పేటప్పుడు ఓడిన రోహిల్లాలకు ఆశ్రయమిచ్చిన గోండు గూడేల మాటా చెప్పాలి. బాబూరావును వదిలిపెట్టిన రోహిల్లాలనూ, పట్టించినవాళ్లనూ ఒకే పేజీలో రాయాలి. మన కర్రసామును, తీన్‌మార్‌ను, పీర్ల పండుగను ఎవరో ఒక్కరి సొత్తుగా రాసుకోవాలని చూసేవాళ్లకు ఈ నేల చరిత్ర సాక్ష్యం చెప్పదు. ఈ విద్యలు నిలిచింది వాటిని పంచుకున్నవాళ్ల వల్లే. దాచుకున్నవాళ్లవి వాళ్లతోనే పోయాయి.